గంటా యాభై రెండు నిమిషాలు

జూన్ 14

ఓడ పుస్తకంలో గాలి, అలలు, దూరం రాస్తాం. ముప్పై ఒక్క ఏళ్ళు అవే రాశాను. ఈ పుస్తకంలో అవి రాయను. ఇది ఎవరూ చదవడానికి కాదు, నా భార్య స్వావా కూడా.

రెండేళ్ళ తర్వాత మళ్ళీ తిమింగలాల వేటకి అనుమతి వచ్చింది. అందుకని ఇవాళ వైద్య పరీక్ష. గోడ మీద అదే అక్షరాల పట్టిక. ఇరవై ఏళ్ళుగా అదే. ఒక కన్ను మూసుకుని ఒకసారి, రెండో కన్ను మూసుకుని ఒకసారి, ఆఖరి వరస దాకా గడగడా చదివేశాను. "నీకు పాతికేళ్ళ కళ్ళు, హాల్వార్" అంది నర్సు.

కొంచెం తడబడుతూ చదవాల్సింది.

జూన్ 17

జాతీయ దినం. ఎప్పటిలాగే వాన. పిల్లలు కాగితం జెండాలు పట్టుకుని తడిసిపోయారు.

ఊరి పెద్ద అర్న్‌గ్రిమ్ ఉపన్యాసం మధ్యలో నన్ను వేదిక మీదికి పిలిచాడు. "మన సముద్రంలో మనం ఏం పట్టుకోవాలో లండన్ వాళ్ళు చెప్పరు, వాషింగ్టన్ వాళ్ళు చెప్పరు. ఇదిగో, మన గురికాడు చెబుతాడు" అన్నాడు. ఓడ ముందు నిలబడి తిమింగలం మీద ఈటె ఫిరంగి పేల్చేది నేనే. అందరూ చప్పట్లు కొట్టారు. పదిహేడేళ్ళప్పుడు చేపలు పట్టే హద్దుల తగాదాలో ఇంగ్లీషు యుద్ధనౌక మా కాపలా పడవని రాసుకుంటూ పోయినప్పుడు నేను డెక్ మీదే ఉన్నాను. ఆ పెద్ద ఓడ వెనక్కి తిరిగి వెళ్ళిపోవడం నా కళ్ళతో చూశాను. మూడున్నర లక్షల మందిమి. మేము వద్దంటే వద్దు.

ఇంటికొచ్చాక గొర్రె మాంసం పులుసు. స్వావా గిన్నెలో గరిట తిప్పుతూ అంది, "మన ఇంట్లో తిమింగలం ముక్క వండి ఎన్నాళ్ళయింది?"

"ఏం, తినాలనుందా?"

"లేదు. లెక్క వేస్తున్నాను. పెద్దది పుట్టక ముందు."

మొత్తం జపాను వెళ్ళే ఓడ ఎక్కుతుంది. ఆ సంగతి ఊళ్ళో అందరికీ తెలుసు. తినడం కాదు ముఖ్యం.

జూన్ 22

బయల్దేరాం. మా ఓడ 'ఓర్న్'కి కొత్తగా తెల్లరంగు వేశారు. కెప్టెన్ మా ఇంగ్వార్, స్వావా తమ్ముడు. ఈసారి ప్రతి ఓడలో ప్రభుత్వ పరిశీలకులు ఉండాలట. మాకు వచ్చింది బ్రిండిస్. మా ఓడలో పాత వంటవాడు లోఫ్తుర్ కూతురు. చిన్నప్పుడు మా మెట్ల మీద కూర్చుని నత్త గుల్లలు ఏరేది. ఇప్పుడు పశువుల డాక్టరు. మెళ్ళో కెమెరా, చేతిలో స్టాప్‌వాచ్.

"అదెందుకే?" అన్నాను గడియారం చూపించి.

"ఈటె తగిలిన దగ్గర్నుంచి ప్రాణం పోయేదాకా ఎంతసేపో చూడాలి."

"నా దగ్గర దాంతో పని ఉండదు. నొక్కేలోపే అయిపోతుంది."

"అలా అయితే నాకూ హాయే" అంది. నవ్వింది. తండ్రి నవ్వే.

జూన్ 24

మొదటిది. ఒక్క ఈటె. బ్రిండిస్ గడియారం నొక్కి, వెంటనే మళ్ళీ నొక్కింది. "ఐదు సెకన్లు" అంది. ఇంగ్వార్ పైనుంచి అరిచాడు, "బావా, ముసలాడివైపోయావనుకున్నాను."

తిమింగలం చాలా దగ్గరగా లేచింది. ముక్కు కిందే లేచింది. కళ్ళు మూసుకున్నా తగిలేది.

జూన్ 25

గాలికి పెట్టుకునే కళ్ళద్దాల మీద ఉప్పు పేరుకుంటోంది. తుడుస్తూనే ఉన్నాను.

జూలై 3

రెండు. రెండోదానికి రెండు ఈటెలు పట్టాయి. పద్నాలుగు నిమిషాలు. అలలు ఎక్కువగా ఉన్నాయి. అలలు ఎక్కువగా ఉంటే ఎవరికైనా అంతే.

బ్రిండిస్ రాసుకుంది.

మా గది కిటికీ మధ్య కమ్మీ వంగింది. ఎడమ కన్నుతో చూస్తే తిన్నగానే ఉంది.

జూలై 9

ఉత్తరపు గాలి, తక్కువే. ఒకటి. అది తిరిగింది.

జూలై 10

నిన్నటిది సరిగ్గా రాయాలి.

మొదటి ఈటె వెనకగా, తోక మొదట్లో దిగింది. ఈటె మొనలోని మందు పేలింది గానీ చావలేదు. తాడు లాక్కుంటూ లోపలికి పోయింది. ఫిరంగి మళ్ళీ నింపడానికి ఎనిమిది నిమిషాలు పట్టింది. రెండోది నీళ్ళలో పడింది. మూడోది పక్కటెముకల్లో. అప్పటికీ ఊపిరి తీస్తూనే ఉంది. పైకి లేచినప్పుడల్లా ఎర్రటి తుంపర మా డెక్ మీద పడింది. నాలుగోదానితో అయింది.

ఫిరంగి నింపే కుర్రాళ్ళు మాటలు మానేశారు. వంటవాడు రేడియో కట్టేశాడు. ఆ నిశ్శబ్దంలో దాని ఊపిరి ఒక్కటే వినిపించింది. ముప్పై ఒక్క ఏళ్ళుగా వింటున్న చప్పుడే. ఇంతసేపు ఎప్పుడూ వినలేదు.

బ్రిండిస్ కెమెరా దించలేదు. అంతా అయ్యాక గడియారం ఇంగ్వార్‌కి చూపించింది. గంటా యాభై రెండు నిమిషాలు.

"ఏమైంది బావా?" అన్నాడు వాడు.

"తిరిగింది. నేను కొట్టే క్షణంలో పక్కకి తిరిగింది."

"అవును, తిరిగినట్టే ఉంది" అన్నాడు.

వాడు పైన, ఓడ నడిపే గదిలో ఉన్నాడు. నాకంటే బాగా కనిపించి ఉండాలి.

జూలై 13

రేవుకి వచ్చాం. తిమింగలాలని కోసే కోతగట్టు దగ్గర గుట్ట మీద కెమెరాలతో విదేశీయులు, వేట వద్దనేవాళ్ళు. ఎప్పుడూ ఉండేవాళ్ళే.

జూలై 21

నిన్న సాయంత్రం టీవీలో చూపించారు. బ్రిండిస్ తీసిన దృశ్యం. ప్రభుత్వమే బయటపెట్టిందట. స్వావా సోఫా అంచున కూర్చుని మొత్తం చూసింది. నేను వంటింట్లోకి వెళ్ళి పళ్ళాలు కడిగాను. కడిగినవే మళ్ళీ కడిగాను.

ఇవాళ పొద్దున మంత్రిత్వ శాఖ వేట ఆపేసింది. విచారణ తేలేదాకా. మూడు ఓడలూ రేవులోనే. కోతగట్టు పనివాళ్ళు నూట నలభై మంది ఇళ్ళలోనే.

జూలై 24

ఈత కొలను దగ్గర వేడినీళ్ళ తొట్టికి వెళ్ళాను. వెళ్ళకపోతే ఏదో ఉందనుకుంటారు. మెడదాకా నీళ్ళలో ఆరుగురు. అర్న్‌గ్రిమ్ పక్కకి జరిగి చోటిచ్చాడు.

"హాల్వార్, నువ్వేం దిగులు పడకు" అన్నాడు. "నీ చేతిలో అలాంటిది జరగదని ఊరికంతటికీ తెలుసు."

"ఆ పిల్ల గడియారం ఎప్పుడు నొక్కిందో ఎవడు చూశాడు?" అన్నాడు కోతగట్టు మేస్త్రీ.

"విదేశీ సంస్థలు చదివించాయి దాన్ని. వాళ్ళ పాట పాడుతోంది" అన్నాడు ఇంకొకడు.

"లోఫ్తుర్ బతికుంటే తలెత్తుకునేవాడు కాదు."

బ్రిండిస్‌ని చదివించింది వాళ్ళమ్మ గుడ్ని. ఫ్యాక్టరీలో చేపలు కోసి కోసి చేతులు వంకర్లు పోయాయి ఆవిడకి. ఆ సంగతి ఆ తొట్టిలో ఉన్న ఆరుగురికీ తెలుసు.

"అసలేం జరిగింది, నువ్వు చెప్పు" అన్నాడు అర్న్‌గ్రిమ్.

"తిరిగింది" అన్నాను.

"అదీ. తిరిగింది. మనిషి ఆ ముక్క చెబుతుంటే, వాళ్ళు వీడియో పట్టుకు వేలాడుతున్నారు."

నీళ్ళు మరీ వేడిగా ఉన్నాయని చెప్పి లేచి వచ్చేశాను.

జూలై 29

వేట ఆపినందుకు ఊరి సంఘం హాల్లో సభ. వంద కుర్చీలు చాలలేదు. గోడకి జెండా, దాని పక్కన పేపర్లో వచ్చిన నా ఫొటో పెద్దది చేసి అంటించారు. కింద "మా సముద్రం, మా నిర్ణయం" అని. ఆ ఫొటో పదేళ్ళ కిందటిది. అందులో నా కళ్ళు రెండూ సూటిగా ఉన్నాయి.

గుడ్ని వచ్చింది. ఎందుకొచ్చిందో తెలీదు. మూడో వరసలో కూర్చుంది. అటు రెండు, ఇటు రెండు కుర్చీలు ఖాళీగా ఉండిపోయాయి. జనం గోడలకి ఆనుకుని నిలబడ్డారు గానీ ఆ కుర్చీల్లో కూర్చోలేదు. స్వావా నా పక్కనుంచి లేచి వెళ్ళి ఆవిడ పక్కన కూర్చుంది. నేను ముందు వరసలో, నా ఫొటో కింద.

ఇంటికొస్తూ దారిలో అడిగాను, "ఎందుకలా చేశావు?"

"ఖాళీగా ఉంది, కూర్చున్నాను" అంది.

ఆగస్టు 2

స్వావా కప్పు నా చేతికిచ్చి అప్పుడు కాఫీ పోస్తోంది. ఎప్పటినుంచో గుర్తులేదు.

ఆగస్టు 6

బ్రిండిస్ వచ్చింది. స్వావా కొట్టుకి వెళ్ళిన టైము చూసుకుని వచ్చినట్టుంది. కాఫీ ఇచ్చాను. మడత రొట్టెలు పెట్టాను. ఒకటి తిని, "అత్త చేసినవేనా?" అంది.

"కొన్నవి."

"తెలుస్తోందిలే."

కప్పు పక్కన పెట్టింది. తర్వాత సూటిగా అడిగింది. "హాల్వార్, నేను నలుగురు గురికాళ్ళ లెక్కలు చూశాను. నీ మొదటిది ఐదు సెకన్లు. తొమ్మిదో తారీఖున నువ్వు కొట్టినట్టు కొత్తవాడు కూడా కొట్టడు. ఏమైందో చెప్పు. నీ మాట నీ మాటగానే రాస్తాను, ఒక్క అక్షరం మార్చను."

"చెప్పాగా. తిరిగింది."

"నేను వందసార్లు చూశాను. తిరగలేదు."

"పక్కనుంచి తీస్తే ఏం తెలుస్తుంది? ముందు నిలబడ్డవాడికి తెలుస్తుంది."

సంచీలోంచి పలక లాంటి కంప్యూటర్ తీసి బల్ల మీద పెట్టింది. ఏదో నొక్కింది. "ఎక్కడ తిరిగిందో నాకు చూపించు" అంది.

వంగి చూశాను. మధ్యలో మసక. చుట్టూ బూడిదరంగు, ఏదో కదులుతోంది. బూడిదరంగంటే సముద్రం. కాసేపు ఆగి, సరైన సమయమనిపించినప్పుడు వేలు పెట్టాను. "ఇదిగో. ఇక్కడే. చూశావా?"

ఆమె నా వేలు పట్టుకుని పలక మీద నుంచి తీసింది.

"అది రేవు, హాల్వార్" అంది నెమ్మదిగా. "మనం బయల్దేరిన రోజు తీసింది. తప్పు ఫైలు నొక్కాను. అక్కడ తిమింగలం లేదు."

కిటికీ అవతల ఎవరో గడ్డి కోస్తున్నారు. ఆ మిషను ఆగేదాకా ఇద్దరం కూర్చున్నాం. ఆమె పలక సంచీలో పెట్టుకుంది, కప్పు తీసుకెళ్ళి కడిగింది, బోర్లించింది.

"ఎవరికీ చెప్పను" అంది గుమ్మం దగ్గర. "అది నేను చెప్పాల్సింది కాదు."

ఆగస్టు 7

సరే. ఇక్కడైనా రాస్తాను.

చలికాలం నుంచే ఉంది. కుడి కన్ను. చూసేదాని మధ్యలో బొటనవేలు ముద్ర లాంటిది, అద్దం తుడిచినా పోనిది. గురి చూసేది ఆ కన్నుతోనే. ఈ మధ్య ఎడమ కంట్లోనూ మొదలైంది. తొమ్మిదో తారీఖున ముందువైపు దాని ఊపిరి తుంపర కనిపించింది, వెనకవైపు వీపు మీది రెక్క కనిపించింది. మధ్యలో ఏమీ లేదు. కొట్టాల్సింది ఆ మధ్యలోనే. అంచనా మీద కొట్టాను.

అది తిరగలేదు.

ఆగస్టు 15

గుడ్ని ఇంటి మెట్ల మీద ఎవరో చేపల పేగులు కుమ్మరించారు. బకెట్లు బకెట్లు. స్వావా బ్రష్షు తీసుకుని వెళ్ళి కడిగి వచ్చింది. చేతులు కడుక్కుంటూ నా వైపు చూడకుండా అంది, "నువ్వు చెప్పేదాకా నేను అడగను. కానీ నేను ముసలిదాన్నవుతున్నాను, హాల్వార్. ప్రతి వారం మెట్లు కడగలేను."

తనకి తెలుసు. ఎప్పటినుంచో తెలుసు.

ఆగస్టు 28

బ్రిండిస్ ఉద్యోగం మానేసింది. మానిపించారో, మానేసిందో.

సెప్టెంబరు 5

గుడ్ని ఇంటి ముందు సామాన్ల బండి. కూతురితో డెన్మార్కు వెళ్తోందట. దాటి వెళ్తూ ఆగాను. "నేను మోయనా?" అన్నాను. "చేయీ చేయీ పడితే పని తొందరగా అవుతుంది" అంది, ఏమీ జరగనట్టే. కుట్టుమిషను మోశాను. అది లోఫ్తుర్ మొదటి జీతంతో కొన్నదట. బండిలో పెట్టేటప్పుడు ఆవిడ నా మోచెయ్యి పట్టుకుని, "మెట్టుంది, చూసుకో" అంది.

ఊళ్ళో ఇంకెంతమందికి తెలుసు.

సెప్టెంబరు 12

ఎల్లుండి రేక్యవిక్‌లో విచారణ సంఘం ముందు నా సాక్ష్యం. మా వేట కంపెనీ వకీలు ఇంటికొచ్చాడు. మర్యాదస్తుడు. బూట్లు గుమ్మంలోనే విప్పాడు. "ఎక్కువ మాట్లాడక్కర్లేదు. తిమింగలం తిరిగింది అంటే చాలు. మీ పేరుకున్న గౌరవం మిగతా పని చేస్తుంది" అన్నాడు.

"తిరగలేదంటే?"

నవ్వాడు. వేళాకోళం అనుకున్నాడు.

సెప్టెంబరు 14

చెప్పేశాను.

చిన్న గది. పొడుగాటి బల్లకి అటు ఐదుగురు. నేను జాతీయ దినానికి వేసుకునే కోటు వేసుకున్నాను. అధ్యక్షురాలు, ముక్కుసూటి మనిషి, అడిగింది. "పరిశీలకురాలి సమయం తప్పని మీ ఊరివాళ్ళు రాశారు. మీరేమంటారు?"

"ఆమె గడియారం సరైనదే" అన్నాను. "గంటా యాభై రెండు నిమిషాలు. తిమింగలం తిరగలేదు. నాకు కనపడలేదు. కుడి కన్ను పోయింది, చలికాలంలోనే పోయింది. పరీక్షలో అక్షరాలు కంఠతా చెప్పాను."

గదిలో ఎవరో పెన్ను కింద పెట్టారు. ఇంగ్వార్ వెనక వరసలో ఉన్నాడు. వాడి ముఖం ఎలా ఉందో, ఆ దూరంలో నాకు తెలీలేదు.

బయటికొచ్చేటప్పుడు మొహాన ఉమ్ముతారని సిద్ధపడ్డాను. వరండాలో కంపెనీ యజమాని ఎదురొచ్చాడు. నా చెయ్యి రెండు చేతులతో పట్టుకున్నాడు. "గొప్ప ధైర్యం" అన్నాడు. "నువ్వు మమ్మల్ని కాపాడావు, హాల్వార్."

ఏమంటున్నాడో అర్థం కాలేదు.

సెప్టెంబరు 15

పేపర్లో మొదటి పేజీ. స్వావా చదివింది. "లోపం పద్ధతిలో లేదు, ఒక మనిషి కంటిలో ఉంది."

సెప్టెంబరు 19

ఇంగ్వార్ వచ్చాడు. లోపలికి రాకుండా గుమ్మంలోనే నిలబడ్డాడు.

"ముప్పై ఏళ్ళు నీ వెనక నిలబడ్డాను బావా. నాకొక్క మాట చెప్పి ఉంటే?"

"చెబితే ఏం చేసేవాడివి?"

"వేరేవాణ్ణి పెట్టేవాణ్ణి."

"అందుకే చెప్పలేదు."

వాడు గోడకి తల ఆనించాడు. "తిరిగినట్టే ఉందన్నాను. నీ కోసం అన్నాను. నాకు బాగానే కనిపించింది, అది రాయిలా నిలబడి ఉంది." తర్వాత అన్నాడు, "అక్కని అడిగానని చెప్పు." అక్క వాడి వెనకే, మెట్ల మీద ఉంది.

అక్టోబరు 10

ఊళ్ళో నాతో మామూలుగానే మాట్లాడుతున్నారు. మరీ మామూలుగా. వేడినీళ్ళ తొట్టిలో అర్న్‌గ్రిమ్, "కళ్ళ జబ్బులదేముంది, వయసుకి వస్తాయి" అన్నాడు. హాల్లో నా ఫొటో తీసేశారు. బ్రిండిస్ గురించి అన్న మాటలు మాత్రం ఎవరూ వెనక్కి తీసుకోలేదు. తీసుకోవాలని ఎవరికీ తట్టలేదు.

నవంబరు 22

వచ్చే వేసవి నుంచి వేటకి అనుమతి. కొత్త నిబంధన ఒక్కటే: గురికాళ్ళ కళ్ళు మిషను మీద పరీక్షించాలి. అర్న్‌గ్రిమ్ రేడియోలో మాట్లాడాడు. ఈ దేశం ఒత్తిడికి లొంగదని రుజువైందన్నాడు. సంఘం హాల్లో కాఫీ, కేకులు.

నన్నూ పిలిచారు. వెళ్ళాను. ఒక ముక్క తిన్నాను.

డిసెంబరు 3

నా రాత వరస మీద వరస ఎక్కుతోందని స్వావా లావు గీతలు కొట్టి ఇచ్చింది. లోపల ఏముందో చూడలేదంది. చూసినా ఫరవాలేదిప్పుడు.

ఫిబ్రవరి 8

బ్రిండిస్‌కి ఫోను చేశాను. నంబరు స్వావా దగ్గర ఉంది, ఆశ్చర్యం లేదు. గుడ్ని తీసి, "ఉండు, కొట్టంలో ఉంది" అంది. చాలాసేపటికి వచ్చింది.

"ఏం చేస్తున్నావే అక్కడ?"

"ఆవులు. హాయిగా ఉంది. వీటి మీద ఎవరి దేశ గౌరవమూ ఆధారపడి లేదు."

"నేను విచారణ సంఘం ముందు చెప్పాను. విన్నావా?"

"విన్నాను. కష్టమై ఉంటుంది. సంతోషించాను, నిజంగా."

"కానీ?"

ఆవు అరిచింది అక్కడ. "కానీ, హాల్వార్, నా నివేదిక నలభై రెండు పేజీలు. నీది అందులో ఒక్క పేజీ. నేను వచ్చిన కారణం ఆ పేజీ కాదు. నువ్వు చెప్పాక ఆ పేజీ చింపేశారు, దాంతోపాటు మిగతావన్నీ మూసేశారు. ఎవరూ మిగతా నలభై ఒకటి చదవలేదు." ఊపిరి పీల్చుకుంది. "నువ్వూ చదవలేదు కదా?"

"నాకు కనపడదు."

"అంతకుముందు కనపడేది."

వాతావరణం గురించి అడిగి పెట్టేశాను.

ఫిబ్రవరి 11

కంప్యూటర్లో బ్రిండిస్ నివేదిక తీసి చదివి వినిపించమని స్వావాని అడిగాను. మొత్తం. మూడు రోజులు పట్టింది, మధ్యాహ్నాలు, కిటికీ దగ్గర. గొంతు ఎండిపోతే ఆగి టీ తాగేది.

ఇరవై తొమ్మిది తిమింగలాలు. నలుగురు గురికాళ్ళు. రెండేళ్ళ విరామానికి ముందు సీజన్లవి కూడా ఉన్నాయి. అప్పుడూ ఒక పరిశీలకుడు వచ్చేవాడు, మాట్లాడని మనిషి, మేము పట్టించుకోలేదు. పదిహేడు వెంటనే చచ్చాయి. పన్నెండు చావలేదు. ఇరవై నిమిషాలు. ముప్పై మూడు. పద్దెనిమిది. పక్కన గురికాడి పేరు, అలల ఎత్తు, వెలుతురు.

పందొమ్మిదో నంబరు దగ్గర స్వావా ఆగింది.

"చదువు" అన్నాను.

"నాలుగేళ్ళ కిందట, ఆగస్టు ఇరవై. గాలి లేదు. ఎండ. నలభై ఒక్క నిమిషాలు." ఇంకా ఆగింది. "నువ్వు."

ఆ రోజు నాకు బాగా గుర్తుంది. గుర్తు లేదనుకున్నాను గానీ తను తారీఖు చదవగానే మొత్తం వచ్చేసింది. అద్దంలాంటి సముద్రం. దాని వీపు మీద మచ్చలు లెక్కపెట్టగలిగేంత స్పష్టంగా చూశాను. సరిగ్గా కొట్టాల్సిన చోటే కొట్టాను. ఈటె తగిలింది, పేలింది. అయినా చావలేదు. నలభై ఒక్క నిమిషాలు బతికింది. ఇంగ్వార్, "ఒక్కోసారి ఇంతే" అన్నాడు. నేనూ ఇంతే అనుకున్నాను. ఓడ పుస్తకంలో "సాధారణం" అని రాశాను. రాసి, కింద సంతకం పెట్టి, భోజనానికి దిగాను.

స్వావా మిగతా పేజీలు కూడా చదివింది. అందులో నా కన్ను బాగున్నప్పటివి ఇంకో రెండు ఉన్నాయి.

మార్చి 2

స్వావాతో అన్నాను, "కన్ను పోవడం నాకు సుఖంగా ఉండేది."

"ఏం మాటలవి?"

"దాని మీద వేసేశాను అంతా. వాళ్ళూ దాని మీదే వేశారు."

తను నా చేతికి కప్పిచ్చి కాఫీ పోసింది. ఒప్పుకుందనుకుంటాను.

ఏప్రిల్ 19

మా పంచాంగంలో వేసవి మొదటి రోజు. మంచు పడింది. ఊరేగింపు అయింది. 'ఓర్న్'కి కొత్త గురికాడు వచ్చాడు, ముప్పై నాలుగేళ్ళవాడు, తూర్పు తీరం వాడు. నా దగ్గరికి వచ్చి చెయ్యి కలిపి సలహా ఏమైనా ఉందా అని అడిగాడు. మంచివాడు. ఉంది అన్నాను. అతను ఆగాడు. జనం మధ్య చెప్పలేకపోయాను. "మెట్లు జారతాయి, చూసుకో" అన్నాను.

ఇది కూడా రాసి పెట్టుకుంటున్నాను. చెప్పగలిగిన చోట చెప్పలేదని.

జూన్ 20

బస్సులో రేక్యవిక్ వెళ్ళి వచ్చాను. ఎవరూ పిలవలేదు. స్వావా వస్తానంది, వద్దన్నాను. దారిలో డ్రైవరు రేడియో పెట్టాడు. ఈ సీజన్లో మొదటి తిమింగలం దొరికిందట. ఎంతసేపు పట్టిందో వార్తల్లో చెప్పలేదు.

మంత్రిత్వ శాఖ కింది అంతస్తులో బల్ల దగ్గర ఒక అమ్మాయి. పేరు చెప్పాను. ఆమెకి నేనెవరో తెలీలేదు, మేలైంది. "నిరుడు ఇక్కడ సాక్ష్యం చెప్పాను, అది సగమే, మిగతాది చేర్చాలి" అన్నాను.

కంప్యూటర్లో చూసింది. "ఆ ఫైలు మూసేశారండీ. కొత్తగా చేర్చే వీల్లేదు."

"కాగితం మీద రాసి ఇవ్వొచ్చా?"

"ఇవ్వొచ్చు. తీసుకుని ముద్ర వేస్తాను. కానీ..."

"నాకు రాయడం కష్టం. గీతలు కలిసిపోతాయి. నువ్వు రాస్తావా?"

వెనక ఎవరూ లేరు. ఆమె కుర్చీ చూపించి, కాగితం ముందుకు లాక్కుంది. నేను చెప్పాను. నాలుగేళ్ళ కిందట ఆగస్టు ఇరవై. ఎండ. గాలి లేదు. నా కళ్ళు బాగున్నాయి. సరైన చోటే కొట్టాను. నలభై ఒక్క నిమిషాలు. తర్వాత మిగతా రెండు. తర్వాత, నా ముప్పై ఒక్క ఏళ్ళలో గడియారం లేనివి, గుర్తున్నంత మటుకు. కొన్ని చోట్ల ఆమె పెన్ను ఆగింది. ఒకచోట, "మళ్ళీ చెప్పండి" అంది, వినపడక కాదు. ఆఖర్న, పరిశీలకురాలు బ్రిండిస్ రాసిన నలభై రెండు పేజీలూ నిజమని, నా కన్ను అందులో ఒక్క పేజీకే జవాబని రాయించాను.

మొత్తం గట్టిగా చదివి వినిపించింది. నా వేలు పట్టుకుని సంతకం చోటు చూపించింది. పెట్టాను.

ముద్ర వేశాక కాగితం వెంటనే ట్రేలో పడెయ్యలేదు. "ఒక మాట చెప్పాలండీ" అంది. "ఇది పైన ఎవరైనా చదువుతారని నేను మాటివ్వలేను."

"నువ్వు చదివావుగా" అన్నాను.

ఆమె బల్ల చుట్టూ తిరిగి వచ్చి తలుపు తీసి పట్టుకుంది. బస్సు స్టాపు ఎటో అడిగాను. తనే వచ్చి రోడ్డు దాటించింది.